ఇరాన్ సినిమాల్లో పిల్లాడి మాట

ఒక హైస్కూల్ టీచరు గారు అడిగిన ప్రశ్న ఇది: “మా స్కూల్లో నెలకొకటి చొప్పున ఇరాన్ పిల్లల సినిమాలు చూపిద్దామనుకుంటున్నాం. ఆ దేశంలో పేరొచ్చిన సినిమాలు చాలావరకు పిల్లల చుట్టూనే ఎందుకు తిరుగుతాయి? సెన్సార్ గొడవ తప్పించుకోవడానికే అంటారు, నిజమేనా? బాల్యాన్ని వాళ్ళు చూపించే తీరులో అంత ప్రత్యేకత ఏముంది? మన పిల్లలకి ముందు ఏది వేయాలి?”

మేడమ్ గారూ, నేను శ్రీకాకుళంలో ఇరవై రెండేళ్ళుగా ఫిల్మ్ సొసైటీ పనులు చూస్తున్నాను. మొదట్లో అద్దెకి తెచ్చిన టీవీ, డీవీడీ ప్లేయరు ఉండేవి. ఇప్పుడు ఒక చిన్న ప్రొజెక్టరు, తెరగా కట్టుకోవడానికి ఒక తెల్ల దుప్పటి ఉన్నాయి. ఆమదాలవలస, టెక్కలి వైపు బళ్ళలోనూ, అటు చీపురుపల్లి, గరివిడి వైపు బళ్ళలోనూ ఈ సినిమాలు చాలాసార్లు వేశాం. అందుకే పుస్తకాల్లో చదివిన దానికంటే పిల్లల మధ్య కూర్చుని చూసిన దాన్నిబట్టే ఎక్కువ చెబుతాను.

మనం ఏ పిల్లాణ్ణి మంచివాడంటాం? “మాట వింటాడు” అంటాం. చెడ్డవాడైతే “మాట వినడు” అంటాం. పిల్లల్ని తూచడానికి మన దగ్గర ఉన్న తూనిక రాయి ఇదొక్కటే. ఇరాన్ దర్శకులు ఆ తూనికనే తీసుకుని పెద్దవాళ్ళని తూచారు. పిల్లాడు ఒక మాట చెబుతాడు. అది చాలా చిన్న మాట, నిజమైన మాట. ఇంట్లో, బళ్ళో, వీధిలో ఒక్కరూ వినరు. సినిమా అంతా ఆ వినకపోవడమే. అమాయకత్వం, ముద్దు మాటలు అంటూ విదేశీ పత్రికలు రాసే పొగడ్తలు నాకెప్పుడూ సరిపోయినట్టు అనిపించలేదు. ఆ పిల్లలు అమాయకులు కారు, పనిమీద ఉన్నవాళ్ళు.

అబ్బాస్ కియారొస్తామీ 1987లో తీసిన ‘స్నేహితుడి ఇల్లెక్కడ?’ చూడండి. కోకర్ అనే పల్లెలో ఎనిమిదేళ్ళ అహ్మద్ బడి నుంచి ఇంటికొచ్చి సంచీ తీస్తే పక్క పిల్లాడి నోటుబుక్కు కూడా ఉంటుంది. రెండింటి అట్టలూ ఒకేలా ఉండడంతో పొరపాటున తెచ్చేశాడు. ఇంకోసారి హోంవర్కు నోటుబుక్కులో రాసుకురాకపోతే బడి నుంచి తీసేస్తానని ఆ పక్క పిల్లాణ్ణి మాస్టారు ఆ పొద్దున్నే బెదిరించి ఉంటాడు. అంటే పుస్తకం ఇవాళే ఇచ్చేయాలి. స్నేహితుడిది పక్క ఊరు పోష్తె, ఇల్లు ఎక్కడో తెలీదు. కథ ఇంతే.

అహ్మద్ వాళ్ళమ్మతో చెబుతాడు. “హోంవర్కు రాసుకో” అంటుంది. మళ్ళీ చెబుతాడు. “చంటిదానికి పాలసీసా అందుకో” అంటుంది. ఇంకోసారి చెబుతాడు. “రాసుకుని అప్పుడు ఆడుకో” అంటుంది. వాడు ఆడుకోవడానికి అడగడం లేదు, ఆ ముక్క ఆమె చెవికి ఎక్కడం లేదు. ఆమె చెడ్డతల్లి కాదు. బట్టలుతుకుతోంది, పసిబిడ్డని చూసుకుంటోంది, చేతినిండా పని ఉంది. టెక్కలి దగ్గర ఒక బళ్ళో ఈ సీను నడుస్తుండగా వెనక వరసలోంచి ఒక ఏడో తరగతి గుంటడు లేచి, “ఆలమ్మ ఇనదేటి మేస్టారూ?” అని నన్నే నిలదీశాడు. ఆ సినిమా గురించి ఇన్నేళ్ళలో నేను విన్న విశ్లేషణల్లో అంతకంటే సూటిది లేదు.

అదే సినిమాలో తాత సీను ఒకటుంది. టీచర్లందరూ రెండుసార్లు చూడాల్సిన సీను. ఊళ్ళో గట్టుమీద కూర్చున్న తాత, పరుగున వెళ్తున్న అహ్మద్‌ని ఆపి సిగరెట్లు తెమ్మని ఇంటికి పంపుతాడు. వాడు అటు వెళ్ళగానే పక్కనున్నాయన తన సిగరెట్ ఇవ్వబోతే, నా దగ్గరా ఉన్నాయి, వాడికి మాట వినడం అలవాటు కావాలని పంపానంటాడు తాత. తన చిన్నప్పుడు నాన్న వారానికోసారి ఒక చిల్లర నాణెం, రెండు వారాలకోసారి దెబ్బలు ఇచ్చేవాడని, నాణెం మర్చిపోయిన రోజులున్నాయి గానీ దెబ్బలు ఏనాడూ మర్చిపోలేదని గర్వంగా చెబుతాడు. మన అరుగుల మీద ఈ మాట వినని వాళ్ళెవరు? “మా మేస్టారు కొట్టబట్టే నేనింతవాణ్ణయ్యాను” అని పదవీ విరమణ సభల్లో చెప్పుకోవడం మనకీ అలవాటే. ఇరాన్ పల్లె అక్కడే మన పల్లె అయిపోతుంది.

ఇక మీరడిగిన సెన్సార్ సంగతి. అది నిజమే, అయితే సగం నిజం. 1979 ఇస్లామిక్ విప్లవం తర్వాత అక్కడి తెరమీద ఆడవాళ్ళు ఇంట్లో ఉన్నా తలమీద గుడ్డ ఉండాల్సిందే. భార్యాభర్తలుగా వేసే నటులు ఒకర్నొకరు తాకకూడదు. రాత్రిపూట నాలుగు గోడల మధ్య ఏ ఆడమనిషీ అలా ఉండదు కదా. దాంతో పెద్దవాళ్ళ కుటుంబ కథ తీస్తే ప్రతి సీనూ అబద్ధంలా కనిపించే ప్రమాదం వచ్చింది. పిల్లలతో ఆ చిక్కు తక్కువ. అన్నాచెల్లెళ్ళు చేతులు పట్టుకోవచ్చు, పరిగెత్తొచ్చు, ఏడవొచ్చు. పైగా అధికారం మీద విమర్శ కూడా చెప్పొచ్చు. అహ్మద్ తాత మాట ఒక తాత గురించి మాత్రమే కాదని అక్కడి ప్రేక్షకులకి తెలియకుండా ఉంటుందా?

కానీ సెన్సారే కారణమైతే ఈ ధోరణి 1979 తర్వాత పుట్టాలి. అలా జరగలేదు. 1965లో టెహరాన్‌లో పిల్లల కోసం ‘కానూన్’ అనే సంస్థ మొదలైంది. దాని అసలు పని గ్రంథాలయాలు, పిల్లల పుస్తకాలు. ఊళ్ళకి వాహనాల మీద పుస్తకాలు తీసుకెళ్ళేవాళ్ళు. తర్వాత అందులోనే సినిమా విభాగం పెట్టారు. కియారొస్తామీ 1970లో తీసిన మొదటి చిన్న సినిమా అక్కడిదే. రొట్టె పట్టుకుని ఇంటికి వెళ్తున్న పిల్లాడికి సందులో కుక్క అడ్డం నిలబడుతుంది, అంతే కథ. 1974లో తీసిన ‘ప్రయాణికుడు’లో ఒక కుర్రాడు టెహరాన్‌లో ఫుట్‌బాల్ మ్యాచ్ చూడాలని ఫిల్ము లేని కెమెరాతో తోటిపిల్లలకి ఫోటోలు తీస్తున్నట్టు నటించి డబ్బులు పోగేస్తాడు. రాత్రంతా బస్సులో వెళ్ళి, తీరా మ్యాచ్ వేళకి నిద్రపోతాడు. ఈ రెండూ విప్లవానికి ముందువే.

కాబట్టి నేను మొదటి కారణంగా చెప్పేది ఆ సంస్థని. టికెట్ల మీద బతకాల్సిన అవసరం లేని చోట, పుస్తకాల మధ్య, పిల్లల్ని రోజూ చూస్తూ పనిచేసిన దర్శకులు వాళ్ళు. విప్లవం వచ్చి ప్రభుత్వం మారినా ఆ సంస్థ నిలబడింది. ‘స్నేహితుడి ఇల్లెక్కడ?’ కూడా దానిదే. మనకీ 1955లో బాలల చలనచిత్ర సంస్థ పెట్టారు, మంచి సినిమాలూ తీశారు. కానీ ఆ సినిమాలు మన ఊరి బడి దాకా వచ్చిన రోజులు ఎన్ని? 2022లో ఆ సంస్థని జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థలో కలిపేశారు. నాకు బాధ కలిగిన విషయాల్లో అదొకటి.

మన తెలుగు సినిమాతో పోల్చకుండా ఉండలేను. విచిత్రమేమిటంటే మన మొదటి టాకీ, 1932లో హెచ్.ఎం.రెడ్డి తీసిన ‘భక్త ప్రహ్లాద’, ఒక పిల్లాడి మాట తండ్రి వినకపోవడం గురించే. ‘లవకుశ’ (1963)లో అయితే ఇద్దరు పిల్లలు పాడుతుంటే అయోధ్య మొత్తం ఆగి వింటుంది. పిల్లాడి మాటకి అంత బరువిచ్చిన కథలు మనకి పుట్టుకతోనే ఉన్నాయి. అయితే ప్రహ్లాదుడి వెనక దేవుడున్నాడు, లవకుశుల వెనక వాల్మీకి ఉన్నాడు. అహ్మద్ వెనక ఎవరూ లేరు. దేవుడి అండ లేని మామూలు పిల్లాడి మాట వినడం మన సినిమా అలవాటు చేసుకోలేదు. మన తెరమీద పిల్లాడు చాలాసార్లు హీరోకి పది నిమిషాల ఫ్లాష్‌బ్యాక్. లేకపోతే జబ్బు పడి అమ్మానాన్నల్ని కలిపే సాధనం, లేకపోతే పెద్దవాళ్ళ పంచ్ డైలాగులు చెప్పే చిన్న బొమ్మ. ‘కేరాఫ్ కంచరపాలెం’ (2018)లో బడిపిల్లాడు సుందరం కథ చూసినప్పుడు నాకు ప్రాణం లేచొచ్చింది. మన విశాఖ వీధిలో, మన యాసలో, ఆ పిల్లాడి గొడవ ఆ పిల్లాడి కొలతలోనే ఉంది.

యాస అన్నాను కాబట్టి ‘బషూ’ గురించి కాస్త ఎక్కువ చెబుతాను. మన జిల్లాకి అన్నిటికంటే దగ్గరగా వచ్చే సినిమా అదే. బహ్రామ్ బైజాయీ తీశాడు. ఇరాన్-ఇరాక్ యుద్ధం నడుస్తుండగానే పూర్తయినా 1989 దాకా విడుదల కాలేదు. ఇరాక్ బాంబులకి ఇల్లూ, అమ్మానాన్నలూ పోయిన దక్షిణాది కుర్రాడు బషూ ఒక లారీ ఎక్కి దాక్కుంటాడు. దిగేసరికి దేశానికి ఉత్తరం కొసన పచ్చని వరిపొలాల మధ్య ఉంటాడు. వాడిది అరబ్బీ. వాణ్ణి చేరదీసిన నాయీ అనే రైతు స్త్రీది గీలకీ. ఒకరి మాట ఒకరికి తెలీదు. వాడి ఒంటి రంగు నలుపు. ఆమె వాణ్ణి నీళ్ళలో కూర్చోబెట్టి, రంగు వదులుతుందేమోనని రుద్ది రుద్ది స్నానం చేయిస్తుంది. ఊరివాళ్ళు వెక్కిరిస్తారు, పిల్లలు కొడతారు. అలాంటి ఒక కొట్లాట మధ్యలో కింద పడి ఉన్న బడిపుస్తకం వాడి చేతికి దొరుకుతుంది. ఇరాన్ మన దేశం, మనందరిదీ ఒకే నేల, ఒకే నీరు అని అందులో ఉన్న పాఠం పైకి చదువుతాడు. అందరూ నిశ్చేష్టులవుతారు. ఆ పుస్తక భాష, అంటే ఫార్సీ, అక్కడ ఎవరి ఇంట్లోనూ మాట్లాడేది కాదు, కానీ వాడికీ ఊరివాళ్ళకీ అర్థమయ్యేది అదొక్కటే.

ఈ సీను నాకు ఎప్పుడూ రెండు వైపులా కోస్తుంది. పుస్తక భాష వాణ్ణి కాపాడింది, అది నిజం. కానీ వాడు అంతకుముందు అరబ్బీలో చెప్పినదంతా ఎవరికీ అక్కర్లేకపోయింది, అదీ నిజం. గిడుగు రామమూర్తి గారు మన శ్రీకాకుళం దగ్గర పర్వతాలపేటలో 1863లో పుట్టారు. పర్లాకిమిడిలో పంతులుగా ఉంటూ సవర భాష నేర్చుకుని, ఆ భాషకి వ్యాకరణం, నిఘంటువు తయారుచేశారు. పిల్లల నోట ఉన్న మాటే బడిలోకి రావాలని జీవితమంతా పోరాడారు. బషూ చూసిన ప్రతిసారీ నాకు ఆయనే గుర్తొస్తారు. 2022 దాకా మన జిల్లాలో ఉన్న సీతంపేట కొండల నుంచి వచ్చి హాస్టల్లో ఉండే సవర పిల్లలకి ఈ సినిమా వేశాం. మైదానం పిల్లలు నవ్విన చోట వాళ్ళు నవ్వలేదు. స్నానం సీను దగ్గర ఒక అమ్మాయి తలొంచుకుంది. తర్వాత నేను ఏమీ అడగలేదు. అడిగి ఉండాల్సిందేమో అని ఇప్పటికీ అనిపిస్తుంది. మీ తరగతిలో “నాను ఎల్లిపోనాను” అనే పిల్లాణ్ణి దిద్దే ముందు వాడు ఎక్కడికి వెళ్ళాడో అడగండి మేడమ్ గారూ.

మజీద్ మజీదీ తీసిన ‘స్వర్గపు పిల్లలు’ (1997) అందరికీ తెలిసిందే. ఆస్కార్‌కి నామినేట్ అయిన మొదటి ఇరాన్ సినిమా. చెల్లెలి బూట్లు కుట్టించి తెస్తూ అన్న పోగొట్టేస్తాడు. ఒక్క జతనే ఇద్దరూ మార్చుకుంటారు, చెల్లిది పొద్దుటి బడి, అన్నది మధ్యాహ్నం బడి. ఇందులో పిల్లల మాట వినకపోవడం లేదు, ఎందుకంటే వాళ్ళు చెప్పనే చెప్పరు. నాన్న దగ్గర డబ్బు లేదని వాళ్ళకి తెలుసు. నాన్న గదిలోనే ఉంటే హోంవర్కు చేస్తున్నట్టు కూర్చుని నోటుబుక్కులో రాసి ఒకరికొకరు చూపించుకుంటారు. పేదరికం పిల్లల నోరు ఎలా కడుతుందో ఇంత మెల్లగా చూపించిన సీను నేను ఇంకెక్కడా చూడలేదు. చివరి పరుగుపందెం కాస్త కన్నీళ్ళ కోసం సాగదీసినట్టు నాకనిపిస్తుంది, కానీ పిల్లలు ఆ మాట ఒప్పుకోరు. బెంచీలెక్కి అరుస్తారు.

జాఫర్ పనాహీ మొదటి సినిమా ‘తెల్ల బుడగ’ (1995)కి కియారొస్తామీ రాశాడు. కేన్స్ చిత్రోత్సవంలో కొత్త దర్శకుడికిచ్చే బహుమతి దానికే వచ్చింది. నూతన సంవత్సరానికి ముందు బంగారు చేప కొనుక్కోవాలని బయల్దేరిన పాప నోటు కాస్తా వీధిలో జాలీ కిందికి పడిపోతుంది. దాన్ని పైకి తీయడానికి బుడగలమ్మే ఒక అఫ్ఘన్ కుర్రాడు తన కర్ర ఇస్తాడు. నోటు రాగానే పాప, అన్న చేప కోసం పరిగెత్తుతారు. సినిమా మాత్రం వాళ్ళ వెనక వెళ్ళదు. ఒంటరిగా మిగిలిన ఆ కుర్రాడి దగ్గర ఆగిపోతుంది. మన ఊళ్ళ నుంచి పనికోసం వలసపోయిన కుటుంబాల పిల్లలు హైదరాబాద్‌లోనో చెన్నైలోనో ఆ కుర్రాడే. మీ పిల్లలు “ఆడెక్కడికెళ్తాడు?” అని తప్పక అడుగుతారు.

అమీర్ నాదెరీ ‘పరుగు’ (1984) పెద్ద పిల్లలకి బాగుంటుంది. రేవు పట్టణంలో సీసాలు ఏరుకుంటూ, బూట్లు తుడుస్తూ ఒంటరిగా బతికే అమీరో అక్షరాలు నేర్చుకుని వాటిని సముద్రం ముందు నిలబడి అరుస్తాడు. బడి విలువ గురించి ఉపన్యాసం అక్కర్లేదు, ఆ అరుపు చాలు.

పనాహీ ‘అద్దం’ (1997) మధ్యలో చేతికి కట్టుకట్టుకుని నటిస్తున్న పాప ఆ కట్టు పీకి పారేసి “నేనింక నటించను” అని నడిచి వెళ్ళిపోతుంది. మైకు మాత్రం ఆమె ఒంటిమీదే ఉండిపోతుంది. మిగతా సినిమాలో కెమెరా దూరంగా వెంటపడుతుంటే మనం ఆ గొంతునే పట్టుకుని వెళ్తాం. చాలామందికి విసుగనిపిస్తుంది. నాకు చాలా ఇష్టం.

కియారొస్తామీ ‘హోంవర్కు’ (1989) పిల్లలకి కాదు, మీ స్టాఫ్ రూముకి. ఆయన ఒక బళ్ళో కెమెరా పెట్టి పిల్లల్ని ఒక్కొక్కరినీ కూర్చోబెట్టి హోంవర్కు ఎవరు చేయిస్తారు, చేయకపోతే ఏం జరుగుతుంది అని అడుగుతాడు. దండన అంటే ఏమిటో అందరికీ తెలుసు. ప్రోత్సాహం అంటే ఏమిటని అడిగితే చాలామంది బిక్కమొహం వేస్తారు. మీరూ మీ తరగతిలో ఈ రెండు మాటలూ అడిగి చూడండి.

కుర్దు జనం ఉండే సరిహద్దు ప్రాంతం మీద బహ్‌మన్ ఘొబాదీ తీసిన సినిమాలు, ‘తాగిన గుర్రాల వేళ’ (2000), ‘తాబేళ్ళు ఎగరగలవు’ (2004), బళ్ళో వేయకండి. మందుపాతరలు, చనిపోయే పిల్లలు ఉంటారు. ఒకసారి తెలిసీ తెలియక రెండోది తొమ్మిదో తరగతికి వేసి, మధ్యలో ఆపేయాల్సి వచ్చింది. ఆ టెన్షన్ మీకొద్దు.

ఒక జాగ్రత్త చెప్పాలి. ఇవే ఇరాన్ సినిమా మొత్తం అనుకోకూడదు. అక్కడా హాస్య చిత్రాలు, ప్రేమకథలు, ఫైటింగులు ఉన్నాయి, జనం వాటికీ వెళ్తారు. సినిమా పండుగల్లో బహుమతులు రావడం మొదలయ్యాక పేద పిల్లాడి కథ ఒక అచ్చులాగా కూడా తయారైంది. ఏది అచ్చో, ఏది నిజంగా విన్నదో గుర్తుపట్టడానికి నాకు ఒకటే దారి: ఆ పిల్లాడికి తెరమీద స్వంత పని ఉందా, లేక మనల్ని ఏడిపించడమే వాడి పనా అని చూస్తాను.

భూకంపం మాట చెప్పకుండా వదల్లేను. 1990 జూన్‌లో ఆ కోకర్ ప్రాంతం మొత్తం కూలిపోయింది. ముప్పై వేలకు పైగా మనుషులు పోయారు. ‘స్నేహితుడి ఇల్లెక్కడ?’లో నటించిన పిల్లలు బతికున్నారో లేదో చూడ్డానికి కియారొస్తామీ కారులో వెళ్తాడు. ఆ వెతుకులాటనే తర్వాత సినిమాగా తీశాడు (1992). అందులో పిల్లలు దొరికారా లేదా చూపించడు. శిథిలాల మధ్య ప్రపంచకప్ ఫుట్‌బాల్ చూడాలని యాంటెన్నా కట్టుకుంటున్న మనిషిని చూపిస్తాడు. 2018 అక్టోబరులో తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటాక మేం బియ్యం, దుప్పట్లు పట్టుకుని ఉద్దానం వెళ్ళాం. పెద్దవాళ్ళు పడిపోయిన జీడిచెట్ల పక్కన కూర్చుని ఏడుస్తున్నారు. పిల్లలు ఆ చెట్ల మీదెక్కి గుర్రాలాట ఆడుతున్నారు. ఒక ముసలమ్మ వాళ్ళని తిట్టబోయి ఆగిపోయింది. అప్పటిదాకా ఆ యాంటెన్నా సీను నాకు అర్థమైందనుకున్నాను గానీ, కాలేదు. (కోకర్ పిల్లలు బతికారు. 1994లో వచ్చిన తర్వాతి సినిమాలో కాసేపు కనిపిస్తారు. మీ పిల్లలు అడుగుతారు కాబట్టి చెబుతున్నాను.)

ఇక వరస. మొదట ‘స్వర్గపు పిల్లలు’ వేయండి, అది ఎవరినైనా కూర్చోబెడుతుంది. తర్వాత ‘తెల్ల బుడగ’. మూడో నెల ‘స్నేహితుడి ఇల్లెక్కడ?’, అప్పటికి నిదానంగా చూడడం అలవాటవుతుంది. ‘బషూ’ ఎనిమిది, తొమ్మిది తరగతులకి. అస్ఘర్ ఫర్హాదీ ‘విడాకులు’ కథ (2011) పదో తరగతి దాటాకే. అందులో పదకొండేళ్ళ అమ్మాయిని జడ్జి అమ్మ కావాలా, నాన్న కావాలా అని అడుగుతాడు. ఇన్ని సినిమాల తర్వాత చివరికి ఒక పెద్దమనిషి పిల్ల మాట వినడానికి కూర్చున్నాడు. సినిమా మనల్ని మాత్రం అమ్మానాన్నలతో పాటు బయట వరండాలో నిలబెట్టేస్తుంది. ఆమె ఏం చెప్పిందో మనకి వినపడదు.

సబ్‌టైటిళ్ళు ఇంగ్లీషులో ఉంటాయి, పిల్లలు అందుకోలేరు. ప్రతి మాటా అనువదిస్తూ కూర్చోకండి, చిరాకు పడతారు. మన జముకుల కథలో వంత పాడేవాళ్ళలా అవసరమైన చోట ఒక్క వాక్యం, అదీ మన యాసలో చెప్పండి. అహ్మద్ వాళ్ళమ్మతో అనే మాట మొదటి రెండుసార్లు చెబితే మూడోసారి పిల్లలే చెప్పేస్తారు. కిటికీలకి నల్లటి గుడ్డ కట్టించండి, స్పీకరు మాత్రం మంచిది తెప్పించండి.

‘స్నేహితుడి ఇల్లెక్కడ?’ నిడివి 83 నిమిషాలు. హెచ్ఎం గారిని రెండు పీరియడ్లు కాదు, మూడు అడగండి. మూడో పీరియడ్ పిల్లలు మాట్లాడ్డానికి. ఆ పూట మీరు వెనక బెంచీలో కూర్చోండి.